పేరు రాయి

"ఆ రాయి మీంచి చెయ్యి తియ్యి."

మేస్త్రి తవీరా అరుపుకి బురుజు మీద ఉలుల చప్పుడు ఆగిపోయింది.

రాయి కింద దుంగలు పెట్టి దొర్లిస్తున్న ముసలివాడు తలెత్తాడు. భుజాన మట్టి సంచీ, నడుముకి పేలికలు. కాలానికి చిల్లులు పడ్డచోటల్లా పేలికలు కుక్కి, మట్టి మెత్తుతూ ఊళ్ళు తిరిగే చిల్లులవాడు.

"అడిగానమ్మా. నీ కూలీలు నవ్వారు."

"నవ్వరా మరి? మూడేళ్ళు చెక్కాను దాన్ని. పేరు రాయి అది."

ఆ రాయి సంగతి తెలియనివాళ్ళు కెల్సరాలో లేరు. ఆ ఊళ్ళో కాలం కుదురుగా ఉండదు. నలభై ఏళ్ళ కిందట బాస్కున్ అనే కుర్రవాడు రాబోయే రోజుల్లోకి జారిపడి, తిరిగొచ్చాడు. ఊరిని కాపాడిన మనిషి కోసం కట్టిన బురుజును చూశానన్నాడు. జనం పేరు రాయికి దండాలు పెడుతున్నారన్నాడు.

ఏం పేరంటే చెప్పలేకపోయాడు. అక్షరాలు కంటికి ఆనలేదన్నాడు. అప్పటినుంచీ, కళ్ళు బాగానే ఉన్నా, ఊరు వెక్కిరింపుగా అతన్ని గుడ్డి బాస్కున్ అంటోంది.

కాపాడేవాడు ఇంకా రాలేదు. బురుజు మాత్రం పూర్తయింది. గుమ్మం పక్కన ఆ ఒక్క రాయి నిలబెట్టడమే మిగిలింది.

"కింద వీధి బావి దగ్గర పెద్ద చిల్లు పడింది," అన్నాడు ముసలివాడు. "నిన్నలు ఉబికి వస్తున్నాయి. పేలికలు ఆపట్లేదు."

"ఆ వీధిలో ఎప్పుడూ ఉండే గోలే. కాల్చిన రొట్టె మళ్ళీ పిండవుతుంది. దానికి ఎవరూ చావలేదు."

"ఈసారి రొట్టెలు కాదు. మనుషులు."

"ఇన్ని రాళ్ళున్నాయిగా. వేరేది పట్టుకుపో."

"ఏ రాయి ఏ రోజు పేర్చారో అన్నిటి మీదా చెక్కారు మీరు. రోజున్న రాయిని కాలం ఆ రోజుకే లాక్కుపోతుంది. పేరూ గుర్తూ లేనిదైతేనే చిల్లులో నిలుస్తుంది. నున్నగా ఉన్నది ఇదొక్కటే."

"అందుకని బావిలో తోసేస్తావా? ఆయన వచ్చాక ఎక్కడ చెక్కాలి పేరు, నీ వీపు మీదా?"

కూలీలు నవ్వారు. ముసలివాడు నవ్వలేదు.

"వస్తాడో రాడో తెలియనివాడికి కొండంత బురుజు. కింద బతికున్నవాళ్ళకి ఒక్క రాయి లేదు. సిగ్గుగా లేదూ మీకు?"

తవీరాకి ఒళ్ళు మండిపోయింది.

"దొంగతనానికి వచ్చి నీతులా? నీ పేరు చెప్పు."

కూలీల నవ్వు ఆగిపోయింది.

"వద్దులే మేస్త్రమ్మా," అన్నాడు గోర్ష్ అనే కూలీ. "ముసలోడు. నాలుగు తిట్టి పంపించెయ్యి."

"నువ్వు నోర్ముయ్. చెప్పవయ్యా పేరు."

బురుజు సొత్తు ముట్టుకున్నవాడికి ఒకటే శిక్ష. పేరు కొట్టేస్తారు. మేస్త్రి ఆ పేరు విని బురుజు మెట్టు మీద సుత్తితో మూడు దెబ్బలు వేస్తే, అది ఇక ఏ నోటికీ రాదు. ఆ మనిషి నోటికి కూడా.

ముసలివాడు దుంగలు వదిలి నిటారుగా నిలబడ్డాడు. తన పేరు చెప్పాడు.

తవీరా సుత్తి ఎత్తింది. ఒకటి. రెండు. మూడు.

ముసలివాడి పెదవులు కదిలాయి. దేనికోసమో వెతుక్కున్నట్టు రెండుసార్లు నోరు తెరిచి మూశాడు.

"పోయింది," అన్నాడు.

తన చేతుల్ని తిప్పి చూసుకున్నాడు. ఏదో తట్టినట్టు దుంగల్ని కాలితో పక్కకి నెట్టాడు.

"నీ రాయి నువ్వే ఉంచుకో మేస్త్రమ్మా. దాంతో ఇక పని లేదు."

"మళ్ళీ ఈ చుట్టుపక్కల కనిపించావో, కాళ్ళు విరగ్గొడతా."

"కనిపించనులే," అన్నాడు, వెనక్కి తిరగకుండానే.

మధ్యాహ్నానికి పేరు రాయి నిలబెట్టారు. బాస్కున్ కర్ర పట్టుకుని వచ్చాడు. అప్పుడే కింద వీధి నుంచి తవీరా అక్క ఇల్మి పరుగెత్తుకొచ్చింది.

ఆమె చేతులు అంగీ చేతుల్లోంచి బయటికి రావడం లేదు. ముందు పళ్ళు రెండూ లేవు, ఆరేళ్ళ పిల్లలాగా.

"అక్కా, ఏమిటిది?"

"నిన్నలు నడుముదాకా వచ్చేశాయే. మా అత్త పాకుతోంది. పక్కింటివాళ్ళకి మాటలు కూడా రావట్లేదు. ఇంకో జానెడు లేస్తే అసలు పుట్టని రోజుల్లోకి పోయేవాళ్ళం. ఇప్పుడు తగ్గుతున్నాయిలే. పెరుగుతున్నాం మళ్ళీ."

"ఎలా ఆగింది?"

"చిల్లులవాడొకడు వచ్చాడు. ఎవరినీ ఏమీ అడగలేదు. చిల్లులోకి దిగి, వీపు ఆనించి కూర్చున్నాడు. కాలం వాడి చుట్టూ గడ్డకట్టుకుపోయింది. అక్కడిప్పుడు రాయే ఉంది, మనిషి లేడు."

తవీరా పేరు రాయి వైపు తిరిగింది.

"దిగేముందు పేరేంటి బాబూ అని అరిచాను. మీ మేస్త్రమ్మ విన్నది, ఆమెనే అడగమన్నాడు. నీకెలా తెలుసే వాడు?"

బాస్కున్ కర్రతో రాతిని తట్టాడు.

"ఉలి పట్టుకో తల్లీ. నలభై ఏళ్ళు ఆగాం. పేరు రాయి."

తవీరా ఉలి అందుకుంది. రాతికి ఆనించింది. పొద్దున తన చెవులతో విన్న పేరు. నాలుక మీద ఒక్క అక్షరమూ లేదు.

ఉలి విసిరికొట్టి సుత్తి అందుకుంది. మెట్టు మీద మూడు దెబ్బలు వేసింది. పేరు రాలేదు. ఇంకో మూడు. ఇంకో మూడు. మెట్టు పగిలింది. గోర్ష్ వచ్చి చెయ్యి పట్టుకుంటే అతన్ని తోసేసి మళ్ళీ కొట్టింది.

కూలీలు ఒక్కొక్కరే రాయి ముందుకొచ్చి దండం పెట్టారు.

బాస్కున్ వాళ్ళని చూశాడు. దగ్గరికెళ్ళి, నున్నటి రాతిని అరచేత్తో ఈ చివర నుంచి ఆ చివర దాకా తడిమాడు.

"నా కళ్ళు అప్పుడు బాగానే ఉన్నాయి," అన్నాడు నెమ్మదిగా. "నేను చూసిన ఆ రోజు కూడా దీని మీద అక్షరం లేదు."