బోణీ కాకముందే

“కంపెనీ సహాయకుడు పలకడం లేదు. మూసేయమంటారా?” అని చీరల అంగట్లో కంప్యూటర్ మళ్లీ అడిగింది. ఆదోని నుంచి వచ్చిన మెకానిక్ హరికృష్ణ మౌస్ అందుకోగానే, గల్లాపెట్టె దగ్గర కూర్చున్న యజమాని కేశవులు అతని చెయ్యి పట్టేశాడు.

“బోణీ కాకముందే అంగట్లో ఏదీ మూసేది లేదప్పా!”

“ఇది మూస్తేనే బిల్లు వచ్చేదన్నా. బిల్లు రాకుంటే బోణీ యాడిది?”

కేశవులు అరలోంచి ఒక టవల్ తీసి అతని ముందు పెట్టాడు. “అయితే నువ్వే ఒక టవల్ కొను. బిల్లు తర్వాత ఇస్తా.”

హరికృష్ణ డబ్బులిచ్చి టవల్ భుజాన వేసుకున్నాడు.

“ఇంతకీ ఈ సహాయకుడు సేసే పనేంది?”

“ఎనక కూసోని, ‘అంతా బాగుందా, అంతా బాగుందా’ అని కంప్యూటర్ను అడుగుతాంటాడన్నా. దాని పని దాన్ని సేసుకోనీడు.”

“అంతేనా? మూసెయ్!”

మూయగానే ప్రింటర్ గరగరలాడి టవల్ బిల్లు కక్కింది. కేశవులు హాయిగా కుర్చీలో వెనక్కి వాలి, పొద్దున్నుంచి అడుగుతున్నదే మళ్లీ అడిగాడు.

“సుకన్యా, అంతా బాగుందా?”

గుట్టగా పడివున్న చీరలను ఒక్కతే మడతపెడుతున్న భార్య తలెత్తి, అతన్ని తేరిపార చూసింది.

“బోణీ అయింది కదయ్యా ఇప్పుడు?”

కేశవులు గబుక్కున లేచి, చీర రెండో కొస పట్టుకున్నాడు.