సన్నిహితుడు

"'వాడు చిన్నప్పట్నుంచీ అంతే' అనండి మాస్టారూ. ఒక్క ముక్క. కెమెరా ఆన్‌లోనే ఉంది."

"అనను," అన్నాడు మేంగ్ దాల్సు.

డైరెక్టర్ యూజిన్ నుదురు కొట్టుకుంది. బుసాన్‌లో బేస్‌బాల్ వీరుల మీద ఏ డాక్యుమెంటరీ తీసినా వ్యాఖ్యాత కుర్చీ మేంగ్‌దే. ఆటగాడు గెలిస్తే "నేను ముందే చెప్పాను" అంటాడు, ఓడితే కళ్ళు తుడుచుకుంటాడు. అదే అతని బతుకుతెరువు. ఇవాళ్టి సరుకు తక్ బోంగ్జు. జూదం కేసులో జట్టు మెడపట్టి గెంటిన పిచర్, అంటే బంతి విసిరే ఆటగాడు. జనానికి పూజించడానికి ఎంత తొందరో, ఉమ్మడానికి అంతకన్నా తొందర.

"పోయినసారి వాణ్ణి దేవుడన్నారు కదా, ఇప్పుడేమైంది?"

"అందుకే. దేవుడన్న నోటితోనే దొంగ అనమంటావా?"

"ఊరంతా అంటోంది. మీ నోరేమైనా బంగారమా?"

"బోంగ్జు వాళ్ళమ్మ టీవీ చూస్తూ చేపలు కోస్తుందమ్మాయ్. చెయ్యి తెగుతుంది."

యూజిన్ గొంతు తగ్గించింది. "నన్నేం చెయ్యమంటారు మాస్టారూ? పైవాళ్ళ మాట ఇది. మీరు అనకపోతే ఈ కుర్చీ ఇక మీది కాదు."

మేంగ్ కాలరుకున్న మైకు ఊడదీసి కుర్చీలో పెట్టాడు. "ఎవడికిస్తావో ఇచ్చుకో."

"ముఖం మసక చేసి, గొంతు మార్చి చూపిస్తాం చూడండి, ఆ బాపతు మనిషిని, కూలికి మనుషుల్నిచ్చే ఏజెన్సీ పంపింది. తెర మీద పేరు బదులు 'సన్నిహితుడు' అని వేస్తాం." తలుపు వైపు తిరిగింది. "లోపలికి రమ్మనండి!"

టోపీ కళ్ళదాకా లాక్కున్న భారీ మనిషి వచ్చాడు. నల్ల మాస్కు. ఇలాంటివాళ్ళ ముఖం ఎవరూ అడగరు. అందరికీ వంగి దణ్ణం పెట్టి, కూర్చుని, మైకు తానే తగిలించుకున్నాడు.

"ఏమనాలి?" మాస్కులోంచి గొంతు బొంగురుగా వచ్చింది.

యూజిన్ చెప్పింది. అతను అడిగినదానికన్నా ఎక్కువే అన్నాడు.

"వాడు చిన్నప్పట్నుంచీ అంతే. కన్నతల్లినే మోసం చేసిన వెధవ. వాణ్ణి నమ్మినవాళ్ళది బుద్ధితక్కువ."

"అబ్బ, భలే వచ్చింది!" అంది యూజిన్.

మేంగ్‌కి ఒళ్ళు మండింది. ఒక్క ఊపున వెళ్ళి ఆ మనిషి కాలరు పట్టుకున్నాడు.

"సిగ్గులేదట్రా? వాడు నీకేం ద్రోహం చేశాడ్రా?"

ఆ మనిషి చేత్తో మైకు మూసి, మేంగ్ చెవి దగ్గరికి వంగాడు.

"అరవకు అన్నా. నన్ను ఎవడో ఒకడు తిట్టేదే కదా, ఆ కూలి డబ్బులేవో నేనే తీసుకుంటున్నా."