విజయమ్మ జ్ఞాపకార్థ కూటం

శాలేమురాజు మైకు పట్టుకోగానే, ముందు వరసలో బాపట్ల పిన్ని నవ్వడం మొదలుపెట్టింది.

అతను ఇంకా నోరు తెరవనే లేదు.

రేపల్లెలో ఇంటి ముందు షామియానా వేశారు. బల్ల మీద అమ్మ ఫోటో, దానికి చేమంతి దండ. పాట అయింది, బైబిలు వాక్యం అయింది.

"ఇప్పుడు మన సినిమా రైటరు గారు వాళ్ళమ్మగారి గురించి సాక్ష్యం చెబుతారు" అన్నారు పాస్టరు అయ్యగారు. ఆయన మొహంలోనూ నవ్వే.

రాజు రాసేవన్నీ ఇంటిల్లిపాదీ కూర్చుని నవ్వుకునే సినిమాలు. అన్నింట్లోనూ ఒక అమ్మ ఉంటుంది. ఆ అమ్మ ఎవరో ఊరంతటికీ తెలుసు.

ఒకసారి ఆ అమ్మ ఏడ్చే సీను రాశాడు. "ఇది మన సరుకు కాదు బ్రదర్" అని నిర్మాత కొట్టేశాడు.

ఇవాళైనా అమ్మను అమ్మలా చెప్పాలి. పొద్దున్నుంచీ అదే అనుకుంటున్నాడు.

"మా అమ్మ ప్రార్థనాపరురాలండి. మోకాళ్ళ మీద కూర్చుందంటే..."

"ప్రభువా, మా ఇడ్లీ పాత్ర పట్టుకుపోయిన శోభారాణికి తిరిగిచ్చే మనసు దయచెయ్యి తండ్రీ!"

అందుకున్నది పక్కింటి శోభారాణి అత్తే. గోడవతలికి వినపడేలా అమ్మ చేసిన ప్రార్థన అది. సినిమాలో ఆ సీనుకి ఈలలు పడ్డాయి.

అందరూ గొల్లుమన్నారు.

"నాన్న మీద అలిగితే..." అన్నాడు రాజు.

"గోడ గడియారంతో మాట్లాడుద్ది!" పిల్లలు అరిచారు.

రాజుకి ఒళ్ళు మండింది. ఎవరి మీదో తెలియలేదు. ఏ జ్ఞాపకం తీసినా అది ఎప్పుడో తెరకెక్కేసింది.

నవ్వు నాలుగు విధాల చేటని పెద్దలు ఊరికే అనలేదు.

చివరికి ఒకటి దొరికింది. ఏ సినిమాలోనూ పెట్టనిది.

"నా మొదటి సినిమాకి అమ్మని తెనాలి తీసుకెళ్ళానండి. హాలంతా పడీ పడీ నవ్వుతున్నారు. చీకట్లో అమ్మ నా చెయ్యి పట్టుకుంది. 'ఏరా, నేనట్టా ఉంటానా?' అని అడిగింది."

అమ్మ ఫోటో వైపు చూస్తూ ఆగాడు.

జోకు పేల్చి నవ్వుల కోసం ఆగినట్టుంది వాళ్ళకి. షామియానా అదిరిపోయింది.

"అచ్చం మా అక్కే!" పిన్ని కళ్ళు తుడుచుకుంది.

"నవ్వకండి" అన్నాడు రాజు.

ఇంకా నవ్వారు.

అప్పుడు లేచాడు నాన్న, బాలస్వామి మాస్టారు. మెల్లగా వచ్చి, కొడుకు చేతిలోంచి మైకు తీసుకుని ఆపేశాడు.

"నన్నూ అదే అడిగిందిరా" అన్నాడు, రాజుకి మాత్రమే వినపడేలా. "మొన్న ఆస్పత్రిలో కూడా."