ఆగని లిఫ్టు

"ఆగవే, నీకు దండం పెడతా!"

హర్షిత మళ్ళీ కీ నొక్కింది. ప్రోగ్రాంను నడుమలో ఆపి తప్పులు వెతికే డిబగ్గరు తెరమీద 'ఆగింది' అంటోంది. టేబుల్ మీది బొమ్మ లిఫ్టు మాత్రం దాని మానాన అది పైకీ కిందికీ తిరుగుతూనే ఉంది.

ఎలక్ట్రానిక్ సిటీలోని ఆ ఆఫీసులో లిఫ్టులు నడిపే సాఫ్ట్‌వేరు తయారుచేస్తారు; ఆ బిల్డింగు లిఫ్టు నడిచేదీ దానితోనే. దొడ్డబళ్ళాపురంలో అపార్ట్‌మెంట్లు కడుతున్న నారాయణప్ప ఇంకాసేపట్లో డెమోకు వస్తాడు. నడుమలో ఆపేస్తే లిఫ్టు జారకుండా, తలుపు తెరుచుకోకుండా నిలబడాలి. అది కళ్ళారా చూస్తేనే ఆర్డరు అన్నాడాయన. ఆర్డరు రాకపోతే కొత్తగా చేరిన హర్షిత ఉద్యోగం ఊడినట్టే.

టీం లీడరు నాగరాజు వచ్చి వెనక నిలబడ్డాడు. "ఏం తల్లీ, ఇంకా కాలేదా? నిన్న బాగానే ఉండె కదా?"

"ఏం చెప్పేది అన్నా! ఆగిండాదని చెప్తాది. చూస్తే ఆగదు."

"మూసి మళ్ళీ తెరువు."

"ఇందాకట్నించీ అదే పని."

"సరే, ప్రోగ్రాంను నడవడానికి వదిలి మళ్ళీ ఆపు."

వదిలింది. ఆపింది. తెరమీద ఆగింది. బొమ్మ ఆగలేదు. హర్షితకు ఏడుపొక్కటే తక్కువ.

నాగరాజు వాకిలి వైపు చూశాడు. "ఆయప్ప కింద గేటు దాటినాడని సెక్యూరిటీ చెప్పి శానాసేపయిందే. ఇంకా పైకి రాలేదేమి?"

"రాకపోతేనే మేలు అన్నా. ఆ దేవుడే ఆపినాడు ఆయప్పను."

ఆ దొరికిన కాస్త వ్యవధిలోనే ఏదో ఒకటి తేల్చాలని గబగబా వదిలింది, ఆపింది, మళ్ళీ వదిలింది, ఆపింది.

వంగి తెర పైభాగం చూసిన నాగరాజు ముఖం పాలిపోయింది.

"తల్లీ, డిబగ్గరు దేనికి తగిలించినావు? ఇది టేబుల్ మీది బొమ్మ కాదు. మన బిల్డింగు లిఫ్టు!"

హర్షిత ఆఖరిసారి కీ నొక్కి లిఫ్టును వదిలేసి పరుగెత్తింది. వెనకే నాగరాజు. వాళ్ళు చేరేసరికి లిఫ్టు పైకొచ్చి తలుపు తెరుచుకుంది.

లోపల నారాయణప్ప, గోడ పట్టుకుని. చొక్కా చెమటతో ఒంటికి అతుక్కుపోయింది.

"సార్, అది... మేము..." నాగరాజు చేతులు జోడించాడు.

నారాయణప్ప చెయ్యెత్తి ఆపాడు. బయటికొచ్చి ఇద్దర్నీ ఎగాదిగా చూశాడు. హర్షిత మనసులోనే రాజీనామా రాసేసుకుంది.

"ఇంతదాకా అందరూ నాకు బొమ్మలు చూపించినోళ్ళే గానీ, నన్నే లోపల పెట్టి అన్నిసార్లు ఆపి చూపించిన మొగోళ్ళు లేరప్పా. ఒక్కసారన్నా జారిందా, తలుపు తెరుచుకుందా? ఆర్డరు మీకే!"