పాత తేదీ

కంప్యూటర్‌లో తేదీ నేనే వెనక్కి పెట్టాను, లేకపోతే ఉచిత ట్రయల్ గడువు అయిపోయిందని ఆ కార్ల ఆట తెరుచుకోదు. అది నాన్న ఆట, చిన్నప్పుడు నాకూ నేర్పాడు. తలకి దెబ్బ తగిలాక నాన్న నన్ను గుర్తుపట్టట్లేదు. ఆట చూస్తేనైనా గుర్తుపడతాడేమోనని నా కంప్యూటర్‌లోనే ఇంకో కంప్యూటర్‌లా పనిచేసే వర్చువల్ మెషీన్ పెట్టి, అందులో పాత విండోస్ ఎక్కించాను.

నాన్న నాతో పోటీగా ఆడి, గెలిచి నవ్వాడు. "నీ కారు కంటే నత్త నయం, బాబూ."

తర్వాత తెర మూలనున్న తేదీ చూశాడు. "అమ్మో, ఇక కట్టెయ్. మా ఆవిడకి నెలలు నిండాయి, ఇవాళ ఆస్పత్రికి తీసుకెళ్ళాలి. కొడుకు పుడితే వాడికీ ఈ ఆట నేర్పుతా. ఇంతకీ నువ్వెవరబ్బాయివి?"

ఆ కొడుకుని నేనే. అమ్మ ఆ కాన్పులోనే పోయింది.

ఇప్పుడు నాన్న ఇస్త్రీ చొక్కా వేసుకుని గుమ్మంలో నిలబడి, "ఇంకా తెమలలేదా?" అని లోపలికి కేకేస్తున్నాడు. తేదీ ఇవాళ్టికి మార్చమంటారా?