గడప పక్కని మేకు

ఆ రోజుల్లో నడుముకు పిస్తోలు లేకుండా ఏ ఇల్లాలూ కనిపించేది కాదు. అయితే ఒక రాష్ట్రం ఇచ్చిన లైసెన్సు పక్క రాష్ట్రంలో చెల్లదు. సరిహద్దు గీత కనకరత్నమ్మ ఇంటి మధ్యగా పోయింది. వంటగది ఇటు, పెరడు అటు. అందుకే పెరట్లోకి వెళ్ళే ప్రతిసారీ పిస్తోలును గడప పక్కని మేకుకు తగిలించి వెళ్ళడం ఆమెకు అలవాటు.

ఆ సాయంత్రం ఉన్నట్టుండి వాన వచ్చింది. తీగ మీది బట్టల కోసం పరుగెత్తుతూ ఆమె మేకు సంగతి మరిచింది. గీత దాటగానే పిస్తోలులో బిగించిన యంత్రమే పక్క రాష్ట్రపు ఠాణాకు కబురంపింది. ఆమె బట్టలు తీసేలోగా పక్క రాష్ట్రపు హెడ్ కానిస్టేబుల్ పెరట్లో దిగాడు.

"లైసెన్సు చెల్లని పిస్తోలుకు మూడేళ్ళ జైలు పడుతుందమ్మా. నడవండి."

కనకరత్నమ్మకు ఒళ్ళు మండింది. "మొన్న పక్కింటాయన తన వంటింట్లోంచి కాకిని కొట్టబోతే, తూటా ఇదే పెరట్లో నా కోడలి భుజం చీల్చింది. అప్పుడు రమ్మంటే రాలేదేం నాయనా?"

"కాల్చింది అవతలి రాష్ట్రంలో కదమ్మా. మా పరిధి కాదు."

"తూటా గీత దాటిందిగా? దాని లైసెన్సు ఎవరు చూశారు?"

"తూటాకు లైసెన్సు అక్కర్లేదమ్మా," అన్నాడతను తల దించుకుని. "మోసేవాళ్ళకే."

ఆమె తడిబట్టల్లోంచి కోడలి రవికె తీసి, భుజం మీది చిల్లు కనబడేలా మేకుకు తగిలించింది.

"పదండి," అంది. "మీ కోర్టులో ముందు ఈ చిల్లు సంగతి అడుగుతాను."