ఎండిపోయిన సరస్సు

"పేరెవరిదైతే ఏంటి వదినా? కథ బతికింది. అది చూడు," అన్నాడు అభిజిత్, మూడో పెసరట్టు కంచంలోకి లాక్కుంటూ.

"నా పేరు సంగతి వదిలెయ్. పాల్మో అవ్వ పేరన్నా వెయ్యమన్నానా లేదా?" చాందిని పెనం మీంచి కళ్ళెత్తలేదు.

పొద్దుటి నుంచీ సింగపూర్‌లో, టోవా పాయోలోని ఆ ఫ్లాట్‌లో ఇదే గొడవ. సాయంత్రం ఐదింటికి అభిజిత్ సినిమా మొదటి ఆట. పోస్టరు మీద 'కథ, స్క్రీన్‌ప్లే: అభిజిత్' అని ఉంది. హిమాలయాల్లో బస్సు దిగి రోజంతా నడిస్తే వచ్చే ఊళ్ళో, నాలుగు చలికాలాలు పాల్మో అవ్వ పొయ్యి పక్కన కూర్చుని, వాళ్ళ భాష నేర్చుకుని, అవ్వ చెప్పిన కథని స్క్రిప్టుగా రాసింది చాందిని. ఆమె ల్యాప్‌టాప్‌లో దొరికిన మొదటి కాపీని మరిది చెప్పకుండా తీసుకుపోయాడు.

"ముసలావిడ పేరు ఎవడు చదువుతాడు వదినా? అయినా ఆవిణ్ణి ఫ్లైటెక్కించి ఇక్కడికి రప్పించానా లేదా? ఆట అవగానే స్టేజీ మీద నాకు శాలువా కప్పుతుంది. ప్రెస్సంతా వస్తోంది."

"బాబాయ్ కాపీ కొట్టాడు లా," అంది పదేళ్ళ నిఖిల, బళ్ళో పట్టుబడిన సింగపూర్ యాసలో.

"నువ్వు మాట్లాడకుండా తిను," అని కూతుర్ని కసిరి, కేశవరావు భార్య వైపు తిరిగాడు. "వాడేమన్నా పరాయివాడా? ఇంతటితో వదిలెయ్."

"ఒకే ఇంటిపేరు కదమ్మా! నువ్వు రాస్తే ఒకటీ, వాడు రాస్తే ఒకటీనా?" అంది అత్తగారు భానుమతి.

చాందిని స్టవ్ ఆపింది.

"ముగింపేమైనా మార్చావా అభీ?"

"అక్షరం ముట్టుకోలేదు. చివర్లో సరస్సు ఎండిపోతుంది చూడు, ఆ షాట్‌కి ఏడవని వాడుండడు."

"సరే. నేనూ వస్తాను. స్టేజీ మీద అవ్వ మాటల్ని ఇంగ్లీషులో చెప్పేది నేనే. ఆట ఏర్పాటు చేసినవాళ్ళు అడిగారు, ఒప్పుకున్నాను."

కేశవరావు హమ్మయ్య అనుకున్నాడు. "అదీ మా వదినంటే!" అన్నాడు అభిజిత్.

నిఖిల మాత్రం మొహం చిట్లించింది. "అమ్మా, సరస్సు ఎండిపోదుగా? నాకలా చెప్పలేదే!"

"నీకు చెప్పింది అసలు ముగింపు. నా మీద నమ్మకం కుదిరాక, నాలుగో చలికాలంలో చెప్పింది అవ్వ. బాబాయ్ పట్టుకెళ్ళిన కాపీ అంతకు ముందు రాసింది. కొత్తవాళ్ళకి మాత్రం ఆ ఊళ్ళో సరస్సుని ఎండబెట్టే చెబుతారు. ఎక్కడైనా ఎవరైనా కథని అలా ముగించారంటే, అది ఎత్తుకుపోయిన కథేనని వాళ్ళకి తెలిసిపోతుంది. ఇక పెద్దవాళ్ళు లేచి నిలబడి, అందరిముందూ మూడుసార్లు ఒకటే మాట అడుగుతారు."

అభిజిత్ నోటి దగ్గర పెసరట్టు ముక్క ఆగిపోయింది. "ఏ...ఏమని?"

చాందిని చెంగుతో చేతులు తుడుచుకుంటూ అందరివైపూ ఒకసారి చూసింది.

"'ఎవరింట్లో దొంగిలించావు?' అని. మూడుసార్లూ మైకులో నేనే చెబుతాను."